నెత్తుటి మడుగు పక్కన బోణీ బేరం

ఒక్క మనిషి ఒక్క గంటలో ఒక సినిమానీ, ఒక స్నేహితురాలి చదువునీ, ఒక శవం పరువునీ కలిపి నిలువునా ముంచగలడా అన్న అనుమానం మీకుంటే ఇవాళ తీర్చేస్తాను. ముంచగలడు. పొద్దున తొమ్మిదికీ పదికీ మధ్య, పళ్లు మాత్రం తోముకుని, న్యూజెర్సీలో ఒక ఫుట్‌పాత్ మీద నేనే ముంచాను. ఆ పని చేస్తున్నంతసేపూ గొప్ప ఉపకారం చేస్తున్నాననే అనుకున్నాను. అదీ అసలు దరిద్రం.

మాది నరసరావుపేటలో స్టీలు సామాన్ల కొట్టు. పక్కన బాబాయిది ప్లాస్టిక్ సామాన్లు, ఎదురుగా మావయ్యది పరుపులు. అందరు పిల్లలూ అమ్మ ఒళ్లో మాటలు నేర్చుకుంటే నేను గల్లాపెట్టె పక్కన నేర్చాను. నేను పలికిన మొదటి మాట "అమ్మ" అని అమ్మ చెబుతుంది. "ఫిక్స్‌డ్ రేటండీ" అని నాన్న చెబుతాడు. ఇద్దరిలో ఎవరిది అబద్ధమో నాకు తెలుసు, మీకూ తెలుస్తుంది.

అలాంటివాణ్ణి కంప్యూటర్ సైన్స్ చదవమని ఎఫ్-వన్ వీసా మీద పంపారు. ఒకే అపార్ట్‌మెంట్‌లో నాకు రూమ్మేట్ కిరణ్, కాకినాడవాడు. పై అంతస్తులో శ్రావణి, కరీంనగర్ అమ్మాయి. మా యూనివర్సిటీలో తెలుగువాళ్లందరం కంప్యూటర్ల ముందు కూర్చుంటే ఆమె ఒక్కతే కెమెరా వెనక నిలబడింది. ఫిల్మ్‌లో మాస్టర్స్. గుళ్లో ఆంటీలు ఆమెను చూసినప్పుడల్లా, "అదీ చదువేనా అమ్మా, ప్లేస్‌మెంట్స్ ఉంటాయా" అని జాలిగా రెండు ప్రసాదం కప్పులు ఇచ్చేవారు. ఒకటి నేను తినేవాణ్ణి.

ఆమె థీసిస్ ఒక ఎక్స్‌పెరిమెంటల్ సినిమా. ఒక సాయంత్రం మా వంటగదిలో చపాతీలు ఒత్తుతూ దాని సంగతి చెప్పింది.

"కథ ఉండదు," అంది.

"పాటలు?" అన్నాడు కిరణ్.

"ఉండయ్."

"పోనీ మాటలు?"

"అవి గూడ ఉండయ్."

"మరి జనం ఏం చూస్తారండీ తల్లీ?"

"ఒంటరితనం చూస్తరు. హింస చూస్తరు. ఈ దేశంల పెద్ద పెద్ద ఊర్లల్ల మనిషిని మనిషి పట్టించుకోకపోవుడు చూస్తరు."

"అంటే ఖాళీ డబ్బాకి మంచి లేబులన్నమాట," అన్నాను నేను. చపాతీ కర్ర నా వైపు తిరిగింది. ఆ సినిమాలో హింస మొదలైంది అక్కడే.

మూడు నెలలుగా తీస్తోంది. మిగిలింది ఆఖరి షాట్ ఒక్కటే. దెబ్బలు తిన్న మనిషి ఒకడు, ఇంట్లోంచి గెంటేసిన తన సామాన్ల మధ్య, ఫుట్‌పాత్ మీద తన పరుపు మీదే నెత్తురోడుతూ పడి ఉంటాడు. ఊరు అతణ్ణి దాటుకుంటూ పోతూ ఉంటుంది. పాతిక నిమిషాలు, కట్ లేకుండా. ఎదురు బిల్డింగ్ రెండో అంతస్తు కిటికీలో కెమెరా. ఆ ఫుట్‌పాత్ మీద తీసుకోవడానికి పర్మిషన్ ఆ ఒక్కరోజు, అదీ పదింటి వరకే. సోమవారం సినిమా సబ్మిట్ చేయాలి. చేయకపోతే సెమిస్టర్ పోతుంది, దాని వెనక అసిస్టెంట్‌షిప్ పోతుంది, ఆ వెనక వీసా పోతుంది. శ్రావణి అమెరికా మొత్తం ఆ పరుపు మీద పడుకుని ఉందన్నమాట.

సామాన్లు మా ఇంట్లోవే. లాంపు, కుర్చీ, సొరుగున్న చిన్న బల్ల, నేను పడుకునే పరుపు. నెలాఖరున ఇళ్లు ఖాళీ చేసేవాళ్లు మంచి మంచి సామాన్లు వీధిలో వదిలేసి పోతే, వాటిని మోసుకొచ్చి సంసారం చేసే స్టూడెంట్ జాతి మాది. కాబట్టి మా ఫర్నిచర్ ఫుట్‌పాత్ మీదికి వెళ్లడమంటే ఆడపడుచు పుట్టింటికి వెళ్లడమే.

శవం లాంటి మనిషి పాత్ర కిరణ్‌ది. "చిన్నప్పటి నుంచీ పడుకోవడంలో నాకు మంచి పేరండి," అని వాడే ఒప్పుకున్నాడు. మొక్కజొన్న పాకంలో ఎర్రరంగు కలిపి శ్రావణి వాడి నుదుటి మీద, చెవి వెనక, చొక్కా మీద పోసింది. చూసి నేనే రెండడుగులు వెనక్కి వేశాను.

"కోటీ, నీ పని ఒక్కటే," అంది నాతో. "సామాన్ల పక్కన నిలబడాలె. ఎవడన్న ఎత్కపోకుంట చూడాలె. ఫోన్ బంద్ పెట్టు. కెమెరా దిక్కు చూడకు. ఏమన్న గానీ నేను షాట్ కట్ చెయ్య, నువ్వు గూడ జేయి ఊపొద్దు."

"నేను కూడా కనబడతానా?"

"కనబడ్తవ్. గోడ కనబడ్డట్టు."

ఆమె రోడ్డు దాటి వెళ్లిపోయింది. నేను గోడనయ్యాను. కిరణ్ నెత్తుటి మడుగులో కళ్లు మూశాడు. ఐదు నిమిషాలు అద్భుతంగా గడిచాయి. ఆఫీసులకి పోయేవాళ్లు పోతున్నారు, ఎవరూ ఆగడం లేదు, ఒంటరితనం పొంగి పొర్లుతోంది. అప్పుడు కుక్కని పట్టుకుని ఒక పెద్దమనిషి వచ్చి ఆగాడు. ఇక్కణ్ణుంచి అమెరికన్లందరూ మీ సౌకర్యం కోసం తెలుగులో మాట్లాడతారు.

"ఈ లాంప్ ఎంత?" అన్నాడు.

అమ్మకానికి కాదని చెప్పడానికి నోరు తెరిచాను. కొట్టు మీద ఒట్టు, ఆ ఉద్దేశంతోనే తెరిచాను. కానీ టైము తొమ్మిది దాటి కొంచెమే అయింది. పొద్దున్నే వచ్చిన మొదటి బేరం. మొదటి బేరాన్ని వట్టి చేతులతో పంపిస్తే గుమ్మం దాకా వచ్చిన లక్ష్మిని తలుపేసి పంపినట్టేనని మా నాయనమ్మ నాకు అన్నప్రాశన నాడే చెప్పింది. మా కొట్టులో బోణీ బేరానికి నష్టానికైనా ఇచ్చాం గాని, "లేదు" అన్నమాట మూడు తరాలుగా ఎవరి నోటా రాలేదు.

"మీరెంత ఇద్దామనుకుంటున్నారు సర్?" అంది నా నోరు.

పరుపు మీద నుంచి, పెదాలు కదపకుండా, ఒక గొంతు వినిపించింది. "ఒరేయ్ కోటిగా. ఏం చేస్తున్నావురా?"

"బోణీరా. ఒక్కటే."

"నేనిక్కడ చచ్చి పడున్నానురా."

"చచ్చినోడివి మాట్లాడకు, సీన్ పాడవుతుంది."

పెద్దమనిషి మోకాళ్ల మీద వంగి కిరణ్ వైపు చెయ్యి చాపాడు. "ఇతను..." అని ఏదో మొదలుపెట్టాడు. మా మావయ్య కొట్టులో నేనొకటి నేర్చుకున్నాను. దూరంగా నిలబడ్డవాడు ధర అడిగి పోతాడు. వంగినవాడి చూపు మాత్రం సరుకు మీద పడ్డట్టే.

"ఇతను లాంపుతో రాడు సర్, అది విడిగా," అని చెప్పి లాంపు ఆయన చేతిలో పెట్టి, భుజం మీద చెయ్యేసి రెండడుగులు నడిపించాను. కుక్క మాత్రం వెనక్కి తిరిగి చూస్తూనే పోయింది.

ఒక్క బేరంతో ఆగేవాణ్ణే. కానీ జనం ఉన్న కొట్టుకే జనం వస్తారు కదా. ఆయన లాంపు పట్టుకుపోవడం చూసి పరుగెత్తే బట్టల్లో ఒకావిడ ఆగింది. ఇల్లు కాలి ఒకడేడుస్తుంటే చుట్టకు నిప్పు అడిగాడన్న సామెత మనకుంది. ఒకడు నెత్తురోడుతుంటే వాడి కుర్చీకి బేరం కుదిర్చాడన్న సామెత కూడా ఉండాల్సింది. నా కోసం ఎవరూ కనిపెట్టి పెట్టలేదు.

ఆవిడ కూడా వంగింది. పరుపు అంచు మీద చెయ్యి వేసింది.

"నొక్కి చూడండి మేడం," అన్నాను. "మూడేళ్లు వాడినా ఇంకా పల్లం పడలేదు. నేను గ్యారంటీ."

ఆవిడ అయోమయంగా నొక్కింది. కిరణ్ కొంచెం పైకి లేచి కిందికి దిగాడు. ఆవిడ చటుక్కున చెయ్యి తీసేసింది. ధర ఎక్కువని భయపడిందనుకుని కుర్చీ చూపించాను. ఎందుకో వాదించకుండా కుర్చీ తీసుకుని గబగబా వెళ్లిపోయింది. ఇంత మెత్తటి గిరాకీలు నరసరావుపేటలో ఎందుకు లేరా అని నాకు దిగులేసింది.

తర్వాత వచ్చింది డోరిస్. తెల్ల జుట్టు, చక్రాల సంచీ, మెడలో తాడుకి వేలాడే కళ్లద్దాలు. పేరు తర్వాత తెలిసింది. మూలనున్న ఎర్ర ఇటుకల బిల్డింగ్ నుంచి వచ్చానంది. ఆమె కూడా కిరణ్ మీదికి వంగి, కళ్లద్దాలు పెట్టుకుంది. నేను వెంటనే బల్ల ధర చెప్పాను. ఆమె నిటారుగా లేచి, నన్ను కింది నుంచి పైదాకా చూసి, నేను చెప్పినదాంట్లో సగం చెప్పింది. ఆహా, అనుకున్నాను. ఇన్నాళ్లకి మనిషి కనబడింది.

"బల్ల వద్దు," అంది శవం. "కోటీ, దండం పెడతాను, బల్ల మాత్రం ఇవ్వకు."

నా కళ్లు చెమర్చాయి. మా కొట్టులో గిరాకీ ఊగిసలాడుతుంటే వెనక నుంచి గుమస్తా, "ఆ రేటుకి వద్దండి, ఇవ్వకండి," అంటాడు. దాంతో గిరాకీకి పట్టుదల పెరుగుతుంది. చచ్చి పడి ఉండి కూడా కిరణ్ నా కోసం గుమస్తా వేషం వేస్తున్నాడని పొంగిపోయాను. భాష రాకపోయినా భావం చేరుతుంది కదా, డోరిస్ ఇంకాస్త పెంచింది.

"సొరుగుతో సహానా?" అంది.

"సొరుగులో గాలితో సహా మేడం."

ఆమె బల్లని సంచీ మీదికి ఎక్కించుకుని చక్రాలు దొర్లించుకుంటూ పోయింది. కిరణ్ గొంతులో నుంచి చిన్న మూలుగు వచ్చింది. నటన నిమిషనిమిషానికీ మెరుగుపడుతోందనుకున్నాను.

ఆఖరికి ఇద్దరు కుర్రాళ్లు పరుపు బేరం చేశారు. శవాన్ని కాళ్లు ఒకరు, చేతులు ఒకరు పట్టుకుని, "సారీ బ్రో," అని అట్టముక్క మీదికి మార్చి పరుపు భుజాన వేసుకుపోయారు. ఫుట్‌పాత్ మీద కిరణ్ ఒక్కడే మిగిలాడు. వాడిక్కూడా ధర అడిగితే ఏం చెప్పాలా అని ఆలోచిస్తుండగా శ్రావణి రోడ్డు దాటి వచ్చింది.

"నీ ఫోన్ ఎందుకు బంద్ ఉన్నది?" అంది. గొంతు చాలా నెమ్మదిగా ఉంది.

"నువ్వే ఆపమన్నావుగా."

"నూరు సార్లు జేసిన. కట్ జేయొద్దని పండ్లు కొరుక్కుంట కూసున్న. సరే. బల్లేది?"

"అమ్మేశాను. మంచి రేటు."

"సొరుగుల హార్డ్ డిస్క్ ఉండే."

"ఏ హార్డ్ డిస్క్?"

"మూడు నెలల సినిమా."

కిరణ్ లేచి కూర్చున్నాడు. "నాకు చెప్పి పెట్టిందిరా. కెమెరా కళ్ల ముందుంటే ఎవడూ ఎత్తుకుపోడని. అందుకే వద్దురా వద్దురా అని ఏడ్చాను."

"రెండో కాపీ?" అన్నాను.

"అదే రెండోది. మొదటిది పోయిన వారమే కరాబైంది," అని శ్రావణి ఫుట్‌పాత్ అంచు మీద కూర్చుంది. తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది. "మా నాయనకు ఏం జెప్పాలె," అని మాత్రం అంది. కొట్టులో పుట్టిన బుద్ధి వీసాతో పోదని ఆ క్షణాన నాకర్థమైంది.

ఎర్ర ఇటుకల బిల్డింగ్ దగ్గర చక్రాల సంచీ ఆవిడెక్కడని వాకబు చేసి లోపలికెళ్లాం. లిఫ్టు లేదు. కిరణ్, నేను మూడు అంతస్తులు ఎక్కాం. తాడిని తన్నేవాడుంటే వాడి తల దన్నేవాడుంటాడని అందరూ చెబుతారు. వాడు మూడో అంతస్తులో ఉంటాడనీ, వాడి పేరు డోరిస్ అనీ ఎవరూ చెప్పరు.

"మేడం, సొరుగులో మా వస్తువొకటి ఉండిపోయింది," అన్నాను.

"సొరుగులో గాలితో సహా అన్నావు కదా," అంది డోరిస్.

"గాలి మీదే మేడం. డిస్కు మాది."

"నేను కొన్నప్పుడు గాలి ఎంత ఉందో, డిస్కు ఎంత ఉందో నువ్వు విడదీసి చెప్పలేదు. ఏమిస్తావు?"

"బల్ల మీకే ఉచితం."

"బల్ల ఇప్పటికే నాది."

ఇలాంటి చోట మా వంశంలో ఒకటే అస్త్రం. అక్కర్లేదని లేచి వెళ్లిపోవడం. మూడో అడుగులో వెనక్కి పిలుస్తారు. పెళ్లిళ్ల సీజనైతే ఐదో అడుగులో. "సరే, ఉంచుకోండి. మాకు అంత అవసరమేం కాదు," అని వెనుదిరిగాను. మూడడుగులు వేశాను. ఐదడుగులు వేశాను. రెండో అంతస్తు వచ్చింది. ఒకటో అంతస్తు వచ్చింది. నా వెనక వీధి తలుపు క్లిక్కుమని దానంతటదే లాక్ అయింది.

"ఇప్పుడేంట్రా?" అన్నాడు కిరణ్.

"పిలుస్తుంది."

"ఏ సంవత్సరం?"

పావుగంట నిలబడ్డాం. పైనుంచి పిలుపు రాలేదు సరికదా, ఒక కిటికీ మూసుకున్న చప్పుడు వచ్చింది. కిరణ్ ముఖం మీద ఈగలు చేరాయి. ఆఖరికి నేనే ఇంటర్‌కామ్ నొక్కాను.

"ఎవరు?"

"మేమే మేడం."

"మేమే అంటే?"

"గాలి వాళ్లం."

తలుపు తెరుచుకుంది. మళ్లీ మూడు అంతస్తులు. డోరిస్ ఈసారి తలుపులోనే నిలబడి షరతు చెప్పింది. ఆమె పాత సోఫాని కిందికి దింపి వీధిలో పెట్టాలి. రెండేళ్లుగా ఎవరూ దొరకలేదట. ఆ సోఫా చూస్తే బర్రె పడుకున్నట్టుంది. బేరమాడదామని నోరు తెరిచాను. కిరణ్ నెత్తుటి చేత్తో నా నోరు మూసి, "ఓకే మేడం," అన్నాడు. ఆ రోజు జరిగిన బేరాల్లో తెలివైనది అదొక్కటే.

రెండో అంతస్తు మలుపులో సోఫా ఇరుక్కుంది. పక్క తలుపు తెరుచుకుని ఒకాయన తొంగి చూశాడు. కిరణ్ నుదుటి మీద నెత్తురు చూశాడు, చొక్కా మీద నెత్తురు చూశాడు, సోఫా చూశాడు. "గోడకి గీతలు పడకుండా చూసుకోండి," అని తలుపేసుకున్నాడు. శ్రావణి కెమెరా అక్కడ పెట్టి ఉంటే పాతిక నిమిషాలు అవసరమయ్యేవి కావు.

సోఫా వీధిలో పెట్టి మూడోసారి పైకెక్కేసరికి డోరిస్ ఒక చేత్తో డిస్కు, ఇంకో చేత్తో తడి తువ్వాలు పట్టుకుని ఉంది. డిస్కు నాకిచ్చి, తువ్వాలు కిరణ్‌కి ఇచ్చింది.

"పొద్దున్నుంచీ ఈ అబ్బాయికి నెత్తురు కారుతోంది. అడుగుదామనే వంగాను. నువ్వు మధ్యలో ధర చెప్పావు," అంది.

"అది మొక్కజొన్న పాకం మేడం," అన్నాను.

"నాకేం తెలుసు? నువ్వు ధర కూడా మరీ ఎక్కువ చెప్పావు."

అడుగుదామనే వంగానన్నది మర్యాదకి అంటోందనుకున్నాను. డిస్కు దొరికిన సంతోషంలో ఇంకేమీ తలకెక్కలేదు. కిందికొచ్చి సోఫాని మా ఇంటికే మోసుకుపోయాం. మంచి సోఫా, వీధిలో వదిలేస్తామా?

మళ్లీ తీయడానికి పర్మిషన్ లేదు. ఆ షాట్‌ని ఉన్నదున్నట్టే అతికించి శ్రావణి సోమవారం సబ్మిట్ చేసింది. ఆ వారమే డిపార్ట్‌మెంట్ చిన్న హాల్లో ముగ్గురు ప్రొఫెసర్లు, పాతికమంది స్టూడెంట్ల ముందు వేశారు. శ్రావణి గోళ్లు కొరుక్కుంటోంది. కిరణ్ తలస్నానం చేసి, మెడ వెనక మిగిలిన ఎర్ర మరకతో కూర్చున్నాడు. నేను వెనక వరుసలో, తప్పు చేసిన కుక్కలా.

ఆఖరి షాట్ వచ్చింది. పై నుంచి, శబ్దం లేకుండా. ఒక మనిషి నెత్తుటి మడుగులో పడున్నాడు. కుక్కతో ఒకాయన ఆగాడు, కంగారుగా వంగాడు, పడున్నవాడి ముక్కు దగ్గర చెయ్యి పెట్టబోయాడు. గళ్ల చొక్కావాడొకడు మధ్యలో దూరి ఆయన చేతిలో లాంపు పెట్టి నెట్టుకుపోయాడు. పరుగెత్తే ఆవిడ వంగి, భుజం తట్టి లేపబోయింది. గళ్ల చొక్కావాడు ఆమె చేత పరుపు నొక్కించి, కుర్చీ అంటగట్టి తరిమేశాడు. తెల్లజుట్టు ముసలావిడ కళ్లద్దాలు పెట్టుకుని మోకాళ్ల మీదికి దిగబోయింది. గళ్ల చొక్కావాడు వేళ్లు చూపించి ధర చెప్పాడు.

ఆ చొక్కా అప్పుడు కూడా నా ఒంటి మీదే ఉంది. చీకట్లో గుండీలు విప్పడం మొదలుపెట్టాను.

పేర్లు పడకముందే ఆపి లైట్లు వేశారు. పెద్ద ప్రొఫెసరమ్మ కుర్చీని మా వైపు తిప్పుకుంది. తర్వాత అంది: "ఈ ఊరు మనిషిని పట్టించుకోదని చెప్పే సినిమాలు చాలా చూశాను. మనుషులు పట్టించుకోబోతుంటే ఒక్కడు అడ్డుపడి వాళ్లని గిరాకీలుగా మార్చేయడం ఇదే చూడడం. నాకు వెన్ను జలదరించింది. అంత నిర్దయగా నటించిన ఆ వ్యక్తి ఎవరు?"

శ్రావణి వెనక్కి తిరిగి వేలు చూపించింది. హాలంతా తిరిగింది. నా పక్క సీట్లో అమ్మాయి లేచి అవతలి వరుసకి వెళ్లింది.

"ఆ పాత్రకి ఎలా తయారయ్యారు?" అంది ప్రొఫెసరమ్మ.

"ఇరవై రెండేళ్లు కొట్లో కూర్చున్నానండి," అన్నాను. అందరూ చప్పట్లు కొట్టారు, కొంచెం భయంగా.

శ్రావణి పాసైంది. సెమిస్టర్ నిలిచింది, అసిస్టెంట్‌షిప్ నిలిచింది, వీసా నిలిచింది. మళ్లీ లైట్లు తీసి, ఆపిన చోటి నుంచి వేస్తే తెర మీద పేర్లు పడడం మొదలైంది. "ఒంటరి మనిషి: కిరణ్." దాని కింద: "అమెరికా: కోటేశ్వరరావు."

బయటికి రాగానే పట్టుకున్నాను. "ఇదేం అన్యాయం? నాకింకా వర్క్ పర్మిటే రాలేదు. నన్ను పట్టుకుని అమెరికా అంటావా?"

"మస్తు సూటైనవ్," అంది శ్రావణి. "మాకు ఈ దేశం దొరకాలంటే ఇంకెన్నో కాయితాలు గావాలె. నువ్వు పాతిక నిమిషాల్ల దేశమే అయిపోయినవ్."

కనుక పాఠకులారా, తూర్పు ముఖంగా నిలబడి, ఇటువంటి పని మళ్లీ చేయనని మీ ఎదుట ప్రమాణం చేస్తున్నాను. ఇక మీదట ఏ మనిషైనా నెత్తుటి మడుగులో పడి కనిపిస్తే ముందు వాడి సంగతి కనుక్కుంటాను. ఆ తర్వాతే వాడి బల్ల ధర చెబుతాను.